స్వర్ణముఖి తీరాన ఒక పగటి యాత్ర

పాత శిథిలాలను చూడబోవడం, వాటి కథ చెప్పేవాని వెంట నడవడం ఈ కాలంలో పుట్టిన వేడుక కాదు. క్రీస్తు శకం రెండవ శతాబ్దంలో, అనగా మన ఆంధ్రదేశంలో శాతవాహనుల ఏలుబడి సాగుతున్న రోజులలో, ఆసియా మైనరు ప్రాంతపు వాడైన పౌసానియాస్ గ్రీసు దేశమంతా తిరిగి, చూసిన గుడినీ, విగ్రహాన్నీ, సమాధినీ, అక్కడివారు చెప్పిన గాథనూ పది భాగాల గ్రంథంగా వ్రాసిపెట్టినాడు. అప్పటికే గ్రీసు రోము సామ్రాజ్యంలో ఒక రాష్ట్రం. దాని వైభవం గతించినది. ఆ గతించిన వైభవాన్ని చూడడానికే దూరదేశాలనుంచి యాత్రికులు వచ్చేవారు.

వచ్చినవారికి చూపించేవారు కూడ ఉండేవారు. డెల్ఫీ క్షేత్రంలో అర్చకత్వం నెరపిన ప్లూటార్క్ తన సంభాషణ ఒకదానిలో ఆ వృత్తివారిని గూర్చి ఒక ముచ్చట చెప్పినాడు. కొందరు పెద్దమనుషులు ఒక యువకునికి ఆ క్షేత్రం చూపిస్తూ ఉండగా, అక్కడి గైడులు తాము వల్లెవేసిన పాఠాన్ని మొదటినుంచి చివరవరకు ఒప్పజెబుతూనే ఉన్నారట. కాస్త కుదించి చెప్పండి నాయనా అని బతిమాలినా వినలేదట. పంతొమ్మిది వందల సంవత్సరాలు గడిచినా ఈ ముచ్చట చదివినవానికి, మన పుణ్యక్షేత్రాలలో ఎక్కడో ఒకచోట ఎదురుపడిన మనిషే జ్ఞాపకం వస్తాడు!

పౌసానియాస్ మరొక అడుగు ముందుకు వేసినాడు. ఆర్గోస్ నగరంలో దారి చూపేవారు చెప్పే మాటలన్నీ నిజం కావని వారికే తెలుసుననీ, అయినా చెప్పక మానరనీ, జనానికి అలవాటైన నమ్మకాన్ని మార్చడం సులభం కాదనీ వ్రాసినాడు. అట్లని స్థానికుల మాటను అతడు తోసిపుచ్చలేదు. విన్నది విన్నట్లు వ్రాసి, తన సందేహాన్ని పక్కన పెట్టినాడు. ఆ నిజాయతీకి తగిన ఫలం చాలా ఆలస్యంగా దక్కినది. 1876లో జర్మనీ దేశస్థుడు ష్లీమన్, మైసీనీ కోటగోడల లోపల రాజుల సమాధులు ఉన్నవన్న పౌసానియాస్ మాట పట్టుకొని త్రవ్వగా, బంగారు ముఖకవచాలతో కూడిన సమాధులు బయటపడినవి. అవి ఆయన అనుకొన్న వీరునివి కాక, అంతకంటె ఎన్నో తరాల వెనుకటివని తరువాతి పండితులు తేల్చినారు. స్థానిక గాథ చోటు చెప్పగలిగినది, కాలం చెప్పలేకపోయినది. చరిత్ర చూడబోయేవారు మొదట గుర్తుంచుకోవలసిన సూత్రం ఇదే.

గ్రీసు, రోము శిథిలాల దర్శనం అందరికీ అందే భాగ్యం కాదు. కాని ఆ నాగరికతలు ఉచ్ఛస్థితిలో ఉన్ననాటి మన దేశపు జాడలను చూడదలచినవారికి శ్రీకాళహస్తినుంచి ఒక్క పగటి ప్రయాణం చాలును. ఉదయం బయలుదేరి దీపాలవేళకు ఇల్లు చేరవచ్చును. ఆ దారిలో కనబడేవి మూడు: పడి లేచిన ఒక గోపురం, రెండువేల ఏళ్ళనాటి ఒక లింగం, నిప్పులో సాగే ఒక గాజుగొట్టం.

మొదటిది ఊరిలోనే ఉన్నది. స్వర్ణముఖికీ, కొండకూ నడుమ వెలసిన వాయులింగ క్షేత్రానికి 1516లో శ్రీకృష్ణదేవరాయలు నూరుకాళ్ళ మండపాన్నీ, గాలిగోపురాన్నీ కట్టించినాడు. ఏడంతస్తుల ఆ గోపురం ఏ దిక్కునుంచి వచ్చేవానికైనా ముందుగా కనబడే గుర్తు. దాదాపు 500 ఏళ్ళు ఎండకూ, వానకూ, గాలికీ నిలిచిన ఆ కట్టడం 2010 మే 26వ తేదీ రాత్రి కుప్పకూలినది. ముందే పెద్ద బీటలు కనిపించినందువల్ల చుట్టుపక్కలవారిని తప్పించినారు గనుక ప్రాణాలు దక్కినవి. ఆ స్థలంలోనే కొత్త గోపురం లేచి, 2017లో కుంభాభిషేకం జరిగినది.

ఇక్కడ యాత్రికుడు ఒక నిమిషం నిలబడి ఆలోచించవలసి ఉన్నది. ఎదుట కనిపించేది రాయల గోపురమా, కాదా? స్థలం అదే, ఆకారం అదే, పేరూ అదే. భక్తునికి అది చాలును. ఆరాధన తెగిపోలేదు గనుక గోపురమూ తెగిపోలేదు. చరిత్ర చదివేవానికి మాత్రం చాలదు. రాయలనాటి పనివాడు సున్నం ఎట్లా కలిపినాడో, ఇటుకను ఏ కొలతతో కాల్చినాడో, బరువును ఏ విధంగా పంచినాడో తెలిపే సాక్ష్యం పాత గోపురంతోపాటే నేలకు దిగినది. కొత్తదానిని మూడువందల ఏళ్ళ తరువాత పరిశీలించేవాడు మన కాలపు సంగతులు తెలుసుకుంటాడే గాని రాయల కాలపు సంగతులు కాదు. దారి చూపేవాడు పిల్లలకు ఇది రాయలు కట్టించినది అని ఒక్క ముక్కలో చెప్పి ముందుకు సాగితే, పడిన కట్టడంతోపాటు అది పడినదన్న విషయం కూడ మరుగున పడిపోతుంది.

శ్రీకాళహస్తినుంచి తిరుపతి దారిలో ఏర్పేడు వస్తుంది. రైలు దిగడానికీ అక్కడ స్టేషను ఉన్నది. ఆ మండలంలోనే, స్వర్ణముఖి తీరభూములలో, గుడిమల్లం అనే చిన్న పల్లె ఉన్నది. చుట్టూ వరిచేలు. ఆ పల్లెలోని పరశురామేశ్వరాలయం బయటికి మరీ పెద్దదేమీ కాదు. వెనుకవైపుకు వెళ్ళి చూస్తే విమానం చతురస్రంగా గాక, కూర్చున్న ఏనుగు వెనుకభాగంవలె గుండ్రని వంపు తిరిగి ఉంటుంది. దీనిని శిల్పశాస్త్రంలో గజపృష్ఠం అంటారు. బౌద్ధుల చైత్యగృహాలలోనూ కనిపించే ఈ ఆకారం చాలా పాతది. గోడలమీద పల్లవ, బాణ, చోళ రాజుల కాలపు శాసనాలు ఉన్నవి. ఇప్పుడు కనిపించే రాతి కట్టడం 1126లో విక్రమచోళుని కాలంలో పునర్నిర్మితమైనది.

గర్భగృహం ముఖమండపంకంటె లోతుగా ఉన్నది. మెట్టు దిగి లోపలికి చూడవలెను. కండ్లు చీకటికి అలవాటుపడిన తరువాత, సుమారు 5 అడుగుల ఎత్తున, నున్నని గోధుమవన్నె కఠినశిలలో మలచిన లింగం కనబడుతుంది. మనం నిత్యం చూసే లింగంవంటిది కాదు. లింగాకృతి సహజరూపంలో ఉన్నది. దాని ముందుభాగంలో నిలువెత్తు శివమూర్తి చెక్కి ఉన్నది. కుడిచేత వెనుక కాళ్ళు పట్టి తలక్రిందులుగా వేలాడదీసిన జంతువు. అది పొట్టేలని కొందరు, లేడి అని కొందరు. ఎడమచేత చిన్న నీటిపాత్ర, ఎడమభుజంపై గండ్రగొడ్డలి. పాదాల క్రింద వంగి కూర్చున్న మరుగుజ్జు యక్షుడు. చెవులకు బరువైన భూషణాలు, నడుమున సన్నని వస్త్రం. యజ్ఞోపవీతం లేదు. తరువాతి శివమూర్తులలో మనకు పరిచితమైన నాలుగు చేతులు లేవు. చూసినవానికి వేటగాడు కొండ దిగి వచ్చి ఎదుట నిలిచినట్లు ఉంటుంది.

ఈ మూర్తిని పండితలోకానికి పరిచయం చేసినవారు టి. ఏ. గోపీనాథరావు. 1911 ప్రాంతంలో ఆయన దీనిని పరిశీలించి, శిల్పరీతిని బట్టి క్రీ. పూ. రెండవ శతాబ్దానికి చెందినదని నిర్ణయించినారు. హిందూ ప్రతిమాలక్షణాలను గూర్చి ఆయన వెలువరించిన గొప్ప గ్రంథంలో దీని వర్ణన చేరినది. 1954లో ఆలయం పురావస్తు శాఖ రక్షణలోకి వచ్చినది. 1973లో ఐ. కె. శర్మ అక్కడ త్రవ్వకాలు జరిపి, తొలిదశలో ఈ లింగం గుడి లేకుండా ఆరుబయట, చుట్టూ రాతి కంచెతో ఉండేదని తేల్చినారు. తరువాత శాతవాహనుల కాలపు పెద్ద ఇటుకలతో గజపృష్ఠాకారపు గుడి వెలసినది. అటుపైన రాతి గుడి. ఒకే మూర్తి, మూడు ఇండ్లు. కాలనిర్ణయంలో పండితులందరూ ఏకీభవించలేదు. ఇంకా తరువాతిదనేవారు ఉన్నారు. అయినను మన దేశంలో నేటికీ నిలిచి ఉన్న అతిప్రాచీన శివలింగాలలో ఇది ఒకటి అన్నంతవరకు అభిప్రాయభేదం తక్కువ.

క్రీ. పూ. రెండవ శతాబ్దమంటే ఎంత పాతదో లోకచరిత్రతో పోల్చి చూస్తే తెలుస్తుంది. రోమనులు గ్రీసులోని కొరింతు నగరాన్ని క్రీ. పూ. 146లో నేలమట్టం చేసిన శతాబ్దం అది. రోముకు ఇంకా చక్రవర్తులు లేరు. ఏథెన్సులోని పార్థినాన్ అప్పటికి మూడు వందల ఏళ్ళది. ఆ మహాలయం తరువాత క్రైస్తవ దేవాలయమై, ఆపైన మసీదై, తుదకు తుపాకిమందు కొట్టుగా మారి, 1687లో వెనిస్ సైన్యం ఫిరంగిగుండు తగిలి ప్రేలిపోయినది. ఇప్పుడు అక్కడికి పోయేవారు స్తంభాలను చూసి వస్తారు. ఏథీనా దేవికి నమస్కరించేవారు ఎవరు? గుడిమల్లంలో ఆ ప్రశ్నకు చోటు లేదు. శాఖవారి పలక ఒకప్రక్క, అర్చకుని హారతి మరొకప్రక్క ఉన్నవి.

ఈ రెండూ ఒకచోట ఉండడం వినడానికి ఇంపుగానే ఉన్నా నడపడానికి అంత సులభం కాదు. శిలను కాపాడవలసినవానికి నూనె, పొగ, తడి, చేతుల స్పర్శ శత్రువులు. ఆరాధించేవానికి అవే ఉపచారాలు. తాళం వేసి ఉంచితే శిల మిగులుతుంది గాని ఊరివారికి అది దేవుడు కాకుండా పోతుంది. తెరచి వదలివేస్తే దేవుడు మిగులుతాడు గాని రెండువేల ఏళ్ళ శిల్పరేఖ అరిగిపోతుంది. ఒకటి మాత్రం చెప్పవచ్చును: 1954కు ముందటి రెండువేల ఏళ్ళూ ఆ మూర్తిని కాపాడినది ఆ ఊరివారి భక్తియే. వారిని బయటివారుగా ఎంచే రక్షణ ఎక్కువకాలం నిలవదు. శిల్పం విలువ చెప్పి వారిని కలుపుకొన్న రక్షణే నిలుస్తుంది.

ఇక గాథల మాట. శ్రీకాళహస్తి కన్నప్ప ఊరు. వేటగాడైన తిన్నడు శివునికి కన్నులర్పించిన కథ తెలియని తెలుగువారు లేరు. అక్కడినుంచి ఇంత దగ్గరలో వేటగాని వేషంలో శివుడు కనబడితే, ఈ రెంటినీ ముడివేయాలని మనసు ఉబలాటపడుతుంది. దారి చూపేవానికి ఇంతకంటె రక్తికట్టే మాట దొరకదు. కాని ఆధారాలు ఏమంటున్నవి? కన్నప్ప కథను విస్తరించి చెప్పిన తమిళ పెరియపురాణం పన్నెండవ శతాబ్దపు రచన. మన ధూర్జటి పదహారవ శతాబ్దంవాడు. లింగానికీ, మనకు దొరికే ఆ గ్రంథాలకూ మధ్య వెయ్యేండ్లకు పైబడిన ఎడం. కనుక ఈ మూర్తియే కన్నప్ప కథకు మూలమని చెప్పజాలము. ఈ కొండసీమలో వేటకూ, శివారాధనకూ సంబంధం చాలా పాతదని మాత్రం చెప్పవచ్చును. అంతమాత్రమే చెప్పినా వినేవానికి తక్కువ ఆనందం కలగదు.

మరొకటి. అరవై ఏళ్ళకొకసారి గర్భగృహంలోకి నీరు ఉబికి లింగాన్ని అభిషేకించి పోతుందని స్థానికులు చెబుతారు. ఊరికి ఏరు దగ్గర. గర్భగృహం చుట్టూ ఉన్న నేలకంటె లోతు. మంచి వానలు కురిసిన ఏడు భూగర్భజలం పైకి లేచి అటువంటి పల్లంలోకి చేరడం ప్రకృతివిరుద్ధం కాదు. అరవై అన్న లెక్క మన సంవత్సరచక్రంనుంచి వచ్చినదిగా తోస్తుంది. ఊరివారి మాటను అబద్ధమని కొట్టివేయనక్కరలేదు, శాస్త్రమని చాటనూ అక్కరలేదు. పౌసానియాస్ చేసినట్లు, వారు ఇట్లా చెబుతారు, మనకు ఇట్లా తోస్తున్నది అంటే రెండు మర్యాదలూ దక్కుతవి.

గుడిమల్లం చూసినవారు పాపానాయుడుపేటను దాటిపోగూడదు. అదే మండలంలోని ఊరు. అక్కడ గుడులూ కోటలూ కావు చూడవలసినది, పూసలు. తరతరాలుగా ఆ ఊరి పనివారు గాజును కరగించి, పూసలు చేసి బతికినారు. ఆ పద్ధతి విచిత్రమైనది. ఒక పొడుగాటి ఇనుప గొట్టానికి కరగిన గాజుముద్దను పట్టిస్తారు. గొట్టంలోపలి కమ్మితో ఆ ముద్దను తొలిచి నడుమ ఖాళీ చేస్తారు. దానిని కొలిమిలో ఉంచి, ఆవలివైపునుంచి కొక్కెంతో పట్టి, సన్నని గొట్టంగా గంటల తరబడి చేతితో సాగదీస్తారు. గొట్టాన్ని చిన్నచిన్న ముక్కలుగా కోసి, ఒకటికొకటి అంటుకొనకుండా బూడిదలో కలిపి మళ్ళీ వేడిచేస్తే పదునైన అంచులు గుండ్రబడి పూసలవుతవి.

ఈ పనికి చరిత్రలో చోటు ఉన్నది. పుదుచ్చేరి దగ్గర అరికమేడు అనే చోట 1945లో మార్టిమర్ వీలర్ త్రవ్వకాలు జరిపినారు. ఇటలీలోని అరెట్సో పట్టణపు ముద్రలుగల ఎర్రని పింగాణివంటి మట్టిపాత్రలూ, మధ్యధరా ప్రాంతపు ద్రాక్షసారాయం వచ్చిన జాడీల పెంకులూ అక్కడ దొరికినవి. ఇటలీలో ఆ పాత్రలు ఏ దశాబ్దాలలో తయారైనవో తెలుసును గనుక, వాటితో ఒకే పొరలో దొరికిన మన కుండపెంకుల కాలం కూడ లెక్కకట్టడానికి వీలయినది. దక్షిణదేశపు పురావస్తు పరిశోధనకు ఆ ఇటలీ పళ్ళెమే మొదటి పంచాంగం అయినదంటే అతిశయోక్తి కాదు. ఆ అరికమేడులోనే కుప్పలుగా గాజుపూసలు, వాటిని చేసినప్పటి తరుగు దొరికినవి. అవి గొట్టంగా సాగదీసి కోసిన పూసలే. అటువంటివి తూర్పు ఆఫ్రికానుంచి కొరియా, జపానులవరకు సముద్రం వెంబడి దొరుకుతున్నవి. అమెరికా దేశపు పూసల పరిశోధకుడు పీటర్ ఫ్రాన్సిస్ పాపానాయుడుపేటకు వచ్చి కొలిమి పని పరిశీలించి, పాతకాలపు పూసలు ఎట్లా తయారైనవో దానినిబట్టి వివరించినారు. అరికమేడు మన్నులో మూగవోయిన పనికి పాపానాయుడుపేట పనివాని చేయి అర్థం చెప్పినది.

ఈ వర్తకంవల్ల రోములో గుండెలు బాదుకొన్నవారు ఉన్నారు. మొదటి శతాబ్దంలో ప్లినీ, హిందూదేశం ఏటేటా తమ సామ్రాజ్యంనుంచి 5 కోట్ల సెస్టర్సులు లాగుకొంటున్నదని ఫిర్యాదు చేసినాడు. ఆ కాలంలోనే ఒక గ్రీకు నావికుడు వ్రాసిన ఎర్రసముద్రపు నౌకాయాన గ్రంథం, మసాలియా అనే మన కోస్తాసీమలో నూలుబట్ట విస్తారంగా తయారవుతున్నదని చెబుతున్నది. లాగుకొన్న బంగారంలో కొంత ఈ ప్రాంతంలోనే తేలినది. 1786లో నెల్లూరు దగ్గర ఒక రైతు దుక్కి దున్నుతూ ఉండగా, నాగలి ఒక చిన్న గుడి శిథిలానికి తగిలినది. దాని అడుగున కుండ, కుండలో రోమను బంగారు నాణేలు. ట్రాజన్, హేడ్రియన్ చక్రవర్తులవి, ఫాస్టినా రాణివి. రైతు వాటిని పాతబంగారం లెక్కన అమ్మినాడు. చాలా నాణేలు కరగిపోయినవి. ఒక ముప్పదికి పైగా మాత్రం కొలిమిలో పడకముందే బయటికి వచ్చి, పరిశోధకుల కంటబడినవి.

ఆ రైతును నిందించడానికి మనకు హక్కు లేదు. కరువుసీమలో బంగారం బంగారమే. కాని కరగిన ప్రతి నాణెంతోనూ ఏ రాజు పేరు, ఏ సంవత్సరం, ఎంత వర్తకం అన్న సంగతులు కరగిపోయినవి. ఈ రోజున నేలలో నాణెం దొరికినా, చెరువుగట్టున శాసనపు రాయి బయటపడినా, ముందుగా ఆ చోటును కదిలించకుండా అధికారులకు తెలియజేయడం చదువుకొన్న ప్రతి ఇంటివారి విధి. వస్తువు ఎంత విలువైనదో అది దొరికిన చోటు కూడ అంత విలువైనది. చోటునుంచి వేరుచేసిన నాణెం సగం మూగది.

మన నేల చరిత్ర ఎంత తొందరగా చేజారగలదో నాగార్జునకొండ చెబుతున్నది. ఇక్ష్వాకుల విజయపురి ఆ లోయలో ఉండేది. చుట్టూ మెట్ల వరుసలు గల క్రీడాంగణం అక్కడ బయటపడినప్పుడు, రోమను రంగస్థలాలు చూసినవారికి అవి జ్ఞాపకం వచ్చినవి. నాగార్జునసాగరం నీటిలో లోయ మునగబోతున్నదని తెలిసి 1954నుంచి 1960వరకు త్రవ్వకాలు జరిపినారు. ముఖ్యమైన కట్టడాలను విప్పి కొండమీదా, అనుపువద్దా మళ్ళీ కట్టినారు. నీరు పంటలకు కావలసినదే. దానికి వెల కూడ ఉన్నది. అక్కడ కనీసం వెల ఎంతో ముందే లెక్కవేసి, వీలైనంత దక్కించుకొన్నారు.

కాబట్టి శ్రీకాళహస్తి చుట్టుపక్కల విద్యాలయాలవారు సెలవుదినాన పిల్లలను ఈ యాత్రకు తీసుకొనిపోవడం మంచిది. గుడిమల్లానికి ఉదయమే చేరుకొంటే గుడి వెనుక వంపును వెలుతురులో నిదానంగా చూడవచ్చును. లోపల మూర్తిని తాకరాదు; తాకకుండానే మనసు నిండుతుంది. గోడలమీది అక్షరాలపై సుద్దముక్క రుద్దరాదు. పాపానాయుడుపేటలో కొలిమి కనబడితే పనివానిని ప్రశ్నలడగవచ్చును గాని, అతని పని ఆపి అడగకూడదు.

దారి చూపే బాధ్యత తీసుకొన్నవారు, ఉపాధ్యాయులైనా, ఊరి పెద్దలైనా, మాట్లాడేటప్పుడు మూడింటిని వేరువేరుగా ఉంచితే చాలును: కన్నది, విన్నది, ఊహించినది. ఇది శాసనంలో ఉన్నది, ఇది ఊరివారి మాట, ఇది పండితుల ఊహ అని విడదీసి చెబితే, చిన్నపిల్లవాడు కూడ తికమకపడడు. పైగా తానూ ఒక ప్రశ్న వేయవచ్చునన్న ధైర్యం అతనికి కలుగుతుంది. డెల్ఫీ గైడులు వల్లెవేసిన పాఠం ఏమిటో ఈనాడు ఎవరికీ తెలియదు. నిజాన్నీ, గాథనూ విడివిడిగా వ్రాసిన పౌసానియాస్ గ్రంథం చేతబట్టుకొని మాత్రం ఇప్పటికీ జనం గ్రీసులో తిరుగుతున్నారు. స్వర్ణముఖి తీరానికి అటువంటి గ్రంథం ఇంకా రావలసి ఉన్నది. దానిని వ్రాయగలవాడు, ఈ ఏడు సెలవులలో ఆ గుడిమెట్టు దిగి చీకటిలోకి తొంగిచూసే పిల్లలలో ఒకడు కావచ్చును.